చెత్త సంచిలో పదకొండు మంది

ఫుట్‌బాల్ గురించి నాకు తెలిసింది ఒక్కటే, దానికి గడ్డి కావాలి. ఆ గడ్డి కోసే పని మీదే జగిత్యాల దగ్గరి పల్లె నుంచి ఖతార్ వచ్చాను. అల్ అజీజియా అనే పేట పక్కన ఒక క్లబ్ వాళ్ళ ప్రాక్టీస్ గ్రౌండ్‌లో నా డ్యూటీ. వరి, పసుపు పండించినవాణ్ణి కాబట్టి పచ్చగా మొలిచేదేదైనా నా మాట వింటుందని నాకు గట్టి నమ్మకం.

ఆ క్లబ్‌లో ఆడటానికి స్పెయిన్ నుంచి ఒకాయన వచ్చాడు. ముప్పై అయిదు దాటిన మనిషి, బట్టతల, ఎడమ మోకాలికి ఎప్పుడూ పట్టీ. సొంత దేశంలో పెద్ద పెద్ద స్టేడియాల్లో డిఫెండర్‌గా ఆడాడనీ, సత్తువ తగ్గాక చివరి రెండు మూడేళ్ళు ఆడటానికి ఇక్కడికి వచ్చాడనీ మా ఫోర్‌మన్ చెప్పాడు. ఫోర్‌మన్‌ది హైదరాబాద్ పాతబస్తీ. అందరం భాయ్ అనేవాళ్ళం. చిన్నప్పుడు బూట్లు లేకుండా బంతి తన్నిన మనిషి. స్పెయిన్ ఆయన మొదటిరోజు గేటు దాటి లోపలికి వస్తుంటే భాయ్ కళ్ళు చెమ్మగిల్లాయి. నా కళ్ళు మాత్రం ఆయన బూట్ల అడుగున ఉన్న మేకుల మీద ఉన్నాయి. ఆ గడ్డి వేసి నెల కూడా కాలేదు.

ఇంటికి ఫోన్ చేసి పెద్ద ప్లేయర్ వచ్చాడని చెప్పాను.

"దుబాయ్ల గూడ క్రికెట్ ఆడుతరా?" అని అడిగింది నా భార్య.

"ఇది దుబాయ్ గాదు. అది క్రికెట్ గాదు."

"మరి నీకేం ఎర్కని నిన్ను ఆడ పెట్టుకున్నరు?"

సిగ్నల్ సరిగ్గా లేదని ఫోన్ పెట్టేశాను.

ప్రాక్టీస్ అయ్యాక అందరూ వెళ్ళిపోయినా ఆయన ఒక్కడే ఉండేవాడు. ఖాళీ నీళ్ళ సీసాలు ఏరుకొచ్చి గడ్డి మీద అక్కడొకటి ఇక్కడొకటి నిలబెట్టేవాడు. దూరం నుంచి చూసేవాడు, తల గోక్కునేవాడు, ఒక దాన్ని రెండడుగులు జరిపేవాడు. ఎండదెబ్బ తగిలిందనుకున్నాను. ఒకరోజు ఫోన్ వస్తే ఆయన మాట్లాడుతూ అటు తిరిగాడు. ఇదే అదనని పదకొండు సీసాలూ సంచిలో వేసి మూతి కట్టేశాను. ఆయన తిరిగొచ్చి గడ్డి వైపు చూశాడు, నా వైపు చూశాడు.

"వేర్ ఈజ్ మై టీమ్?" అన్నాడు.

నాకు అర్థం కాక, ఎంత శుభ్రంగా చేశానో చూడమని సంచి చూపించాను. ఆయన తన సీసాలను గుర్తుపట్టాడు. సంచి ముందు కూర్చొని ముడి విప్పుతుంటే భాయ్ పరిగెత్తుకొచ్చాడు.

"అరె మియా, అవి సీసాలు గాదురా, టీమ్. ఆయన కోచ్ అయ్యెతందుకు చదువుతుండు. పరీక్షలున్నయ్."

"ఈ వయసుల పరీక్షలా?"

"నువ్వు ఇంటర్ తప్పి ఇడిషిపెట్టినవని అందరు ఇడిషిపెడ్తరా?"

ఆ రోజు నుంచి ఆయన చెప్పినచోట సీసా పెట్టడం నా పని. "టూ మీటర్స్, మై ఫ్రెండ్" అంటే రెండు మీటర్లు జరిపేవాణ్ణి. మా కూలీలుండే క్యాంప్‌లో మాత్రం, ఆయనా నేనూ కలిసి ప్లాన్లు వేస్తున్నామని చెప్పుకున్నాను. ఎవరూ నమ్మలేదు గాని, కాదని ఎవరూ అనలేదు.

రెండేళ్ళకు ఆయన మోకాలు ఇక నావల్ల కాదంది. ఆట మానేశాడు. మరుసటి సీజన్‌కు అదే క్లబ్ ఆయన్ను కోచ్‌ను చేసింది. అదే నెలలో భాయ్‌ని వేరే సైట్‌కు మార్చి నన్ను ఫోర్‌మన్‌ను చేశారు. ఆయన బంతి వెంట, నేను గడ్డి మిషన్ వెంట తిరిగి తిరిగి ఇద్దరం ఒకేసారి గట్టెక్కామని తెగ మురిసిపోయాను.

కోచ్‌గా మొదట్లో ఆయన చాలా ఓడిపోయాడు. ఎవరైనా బంతి తప్పుగా ఇస్తే ఆగలేక తనే మధ్యలోకి దూకి తన్ని చూపించేవాడు. ఆ తర్వాత మోకాలు పట్టుకొని కుంటుతూ బయటికి వచ్చేవాడు. పోనుపోను ఒక చోట నిలబడటం, తక్కువ మాట్లాడటం నేర్చుకున్నాడు. నేను ఆ రెండూ వదిలేసి, ఆయన బోర్డు మీద బాణాలు గీయడం మాత్రం నేర్చుకున్నాను. రోజూ పొద్దున నా కింది నలుగురిని నిలబెట్టి, మిషన్ ఎటు నుంచి ఎటు నడపాలో గీసి చూపించేవాణ్ణి. వాళ్ళలో అందరికంటే పాతవాడు ఒక నేపాలీ.

"ఉస్తాద్, మీటింగ్ అయ్యేలోపు గడ్డి ఇంకా పెరుగుతుంది" అన్నాడు హిందీలో.

కోచ్‌కు గడ్డి పొట్టిగా ఉండాలి, ప్రాక్టీస్‌కు ముందు కొంచెం తడి ఉండాలి. అప్పుడు బంతి సర్రున జారుతుందట. "లిటిల్ వాటర్" అని వేళ్ళతో కొలిచి చూపించాడు. పెద్ద మ్యాచ్ ఉన్న వారం ఆ పని నేనే మీదేసుకున్నాను. మా ఊళ్ళో మోటరుకు కరెంటు ఎప్పుడొస్తుందో తెలియదు. వచ్చినప్పుడు మడి నిండేదాకా నీళ్ళు ఆపరు. నాకు తెలిసిన వ్యవసాయం అదే. నేపాలీ వాల్వ్ కట్టెయ్యబోతే, "నీళ్ళ సంగతి నాకు చెప్తావా?" అని హిందీలో గదిమాను.

జట్టు దిగింది. మొదటి బంతి నాలుగు గజాలు పోయి చప్పున ఆగింది. ఒక ఆటగాడు జారి నీళ్ళలో కూర్చుండిపోయాడు. కోచ్ మధ్యలోకి నడిచాడు. బూటు దిగబడింది. నన్ను పిలిచాడు.

"రైస్?" అని అడిగాడు.

"నో సర్, గ్రాస్" అన్నాను వినయంగా.

జట్టంతా నవ్వింది. ఆయన కూడా నవ్వాడు, తర్వాత నవ్వు ఆపి అందరినీ పక్కనున్న చిన్న గ్రౌండ్‌కు తీసుకెళ్ళాడు. ఆ వారం వాళ్ళు ఓడిపోయారు. దానికి నేను కారణం కాదని కనిపించినవాళ్ళందరికీ చెప్పుకుంటూ తిరిగాను. అసలు నన్నెవరూ అడగలేదు.

మరుసటి ఏడు వాళ్ళు కప్పు గెలిచారు. దాంతో ఆయన సొంత దేశంలో ఒక చిన్న క్లబ్ కోచ్‌గా రమ్మని పిలిచింది. వెళ్ళేరోజు వంటవాళ్ళ దగ్గర్నుంచి గేటు కాపలా దాకా అందరికీ చేయి కలుపుతూ వచ్చాడు. నా చేతిని రెండు చేతులతో పట్టుకొని, సీసాల దగ్గర్నుంచి ఎంతో సాయం చేశావని చాలాసేపు మాట్లాడాడు. చివర పేరు పెట్టి థాంక్యూ చెప్పాడు. అది నా పేరు కాదు, నేపాలీది. ఇన్నేళ్ళూ నన్ను మై ఫ్రెండ్ అనే పిలిచాడు కాబట్టి ఆ సంగతి బయటపడలేదు. పక్కనే ఉన్న నేపాలీ నోరు తెరవబోతే వాడి కాలు తొక్కాను.

"యెస్ సర్" అన్నాను.

ఆయన వాడి వైపు తిరిగి, "యూ ఆర్ న్యూ?" అని అడిగాడు.

ఎనిమిదేళ్ళ సర్వీసున్న నేపాలీ నన్నొకసారి చూసి, "యెస్ సర్" అన్నాడు.

తర్వాత నన్ను అల్ ఖోర్‌లో కంపెనీ కుటుంబాలుండే కాలనీ పార్కుకు మార్చారు. ఇప్పుడు నా కింద ఉన్నది ఇద్దరే. స్పెయిన్‌లో ఆయన జట్టు మొదటి ఏడాది వరసగా ఓడి, కింది డివిజన్‌కు పడిపోయేదాకా వచ్చింది. చివరి ఆట గెలిస్తేనే నిలుస్తుంది. ఆ సాయంత్రం పార్కు బెంచీ మీద కూర్చొని ఫోన్‌లో చూశాను. చివరి నిమిషంలో ఆయన జట్టు గెలుపు గోల్ వేయగానే నేను లేచి అరిచాను. బండిలో పిల్లను తోసుకుంటూ వస్తున్న ఒకావిడ దారి మార్చుకొని అవతలి గేటు వైపు వెళ్ళింది. నేను ఫోన్ జేబులో పెట్టుకొని, కత్తిరించాల్సిన కంచె మొక్కలు ఇంకో వరస ఉంటే కత్తెర తీసుకొని అటు నడిచాను.