సంతృప్తి చెందానని ఎవరు చెప్పారు?

డయాలసిస్ వార్డు వరండాలో అన్నయ్య పక్కన నిలబడి ఉండగా నా ఫోనుకి మెసేజ్ వచ్చింది. ‘మీ ఫిర్యాదు పరిష్కరించబడినది. ఫిర్యాదుదారు సంతృప్తి వ్యక్తం చేశారు.’

తలెత్తి చూశాను. గాజు తలుపు అవతల యంత్రాలన్నీ గుడ్డలు కప్పుకుని పడి ఉన్నాయి. వరండా బల్లల మీద చోటు చాలక, మెట్ల మీద, నేల మీద రోగులు కూర్చుని ఉన్నారు. ఉబ్బిన కాళ్లు ముందుకి చాపుకుని, ఎవరైనా వచ్చి లోపలికి రమ్మంటారేమోనని తలుపు వైపే చూస్తున్నారు. ఆ ఫిర్యాదు చేసింది నేనే. సంతృప్తి వ్యక్తం చేశానట!

మాది చేపల వేట మీద బతికిన కుటుంబం. నాన్న పోయాక అన్నయ్య పడవెక్కి నన్ను చదివించాడు. విజయనగరంలో జూనియర్ కాలేజీలో ఫిజిక్సు చెప్పే ఉద్యోగం నాకు వచ్చిన తర్వాత కూడా అతను వేట మానలేదు. కాళ్లు వాచినా ఉప్పునీళ్లలో నానడం వల్లే అనుకున్నాడు. రెండు మూత్రపిండాలూ పాడైపోయాయని డాక్టరు చెప్పేదాకా అలాగే అనుకున్నాడు. ఆ తర్వాత పడవ మా చిన్నాన్న కొడుకుల చేతికి వెళ్లింది. అన్నయ్య మాత్రం రోజు విడిచి రోజు ఊరికి దగ్గరున్న ప్రభుత్వాసుపత్రికి వచ్చి, యంత్రం పక్కన పడుకుని, రక్తం కడిగించుకుని వెళ్తున్నాడు. ‘డూటీకెల్తన్నాను’ అనేవాడు నవ్వుతూ.

ఆ యంత్రాలకి బాగా శుద్ధి చేసిన నీళ్లు కావాలి. ఆ నీళ్లిచ్చే ప్లాంటు పాడైంది. దానితో వార్డు మొత్తం ఆగిపోయింది. నేను ఆరోగ్యశాఖ హెల్ప్‌లైన్‌కి ఫోన్ చేసి చెప్పాను. అవతలి అమ్మాయి ఎంతో మర్యాదగా ‘నమోదు చేసుకున్నాం మేడమ్’ అంది. అలా నమోదైన ఫిర్యాదుకే ఈ మెసేజ్.

వార్డు టెక్నీషియన్ ముందు ఫోను పెట్టాను. అతను చదివి ఇబ్బందిగా కదిలాడు.

“మెకానిక్కొచ్చి సూసీసి ఎల్లినాడు మేడం. ఆడు వచ్చినట్టు ఆన్‌లైన్లో ఎక్కించీసుంటారు.”

“చూసి వెళ్తే బాగుపడినట్టా?”

“పార్టు రావాలండి.”

“ఎప్పుడొస్తుంది?”

“అది నా సేతిలో లేదండి. మీరు ఏరే సెంటరుకి ఎల్లిపోండి, బేగి ఎల్తే ఖాళీ దొరుకుతాది.”

అన్నయ్య పక్క మంచం మనిషి ఒక పెద్దమ్మ. సంతల్లో ఎండుచేపలు అమ్మేది. వార్డులో మంచాలు పక్కపక్కనే కావడంతో వాళ్లిద్దరికీ స్నేహం కుదిరింది. ఆవిడ గోడకి ఆనుకుని కూర్చుని మా మాటలు విని, “ఒరే తమ్ముడా, మనల్ని ఇంకో రేవుకి పొమ్మంతన్నారు” అంది అన్నయ్యతో. అతను నవ్వబోయి దగ్గాడు. ఆవిడ వెంట కూతురు మాత్రమే ఉంది. ఫోన్లు చెయ్యడానికి వాళ్లకి నాలాంటి మనిషి కూడా లేదు.

వేరే సెంటరుకి వెళ్లాం. కౌంటర్లో ఉన్నతను ఫైలు అడిగాడు. రక్తంలో కామెర్ల వైరసు ఉందో లేదో తెలియకుండా యంత్రం మీద పడుకోబెట్టరు. ఒకరి నుంచి ఇంకొకరికి అంటుకోకుండా ఆ జాగ్రత్త. నియమంలో తప్పులేదు. అన్నయ్య రక్తపరీక్షల కాగితాలన్నీ మొదటి ఆసుపత్రి ఫైల్లో ఉన్నాయి. అన్నయ్యని అక్కడ బల్ల మీద కూర్చోబెట్టి నేను వెనక్కి పరిగెత్తాను.

టెక్నీషియన్ తల అడ్డంగా ఊపాడు. “ఫైలు బయటికియ్యకూడదండి. జిల్లా ఆఫీసు నుంచి ఆర్డరు రావాల.”

“ఫైలొద్దు. ఆ ఒక్క రిపోర్టుకి ఫోన్లో ఫొటో తీసుకుంటాను.”

“అదీ కుదరదండి. నా ఉద్యోగం పోతాది.”

మా అన్న రక్తం. మా అన్న చెయ్యి చాపితే తీసిన రక్తం. అందులో ఏముందో మా అన్నకి చెప్పడానికి ఆర్డరు కావాలి! జిల్లా ఆఫీసుకి వెళ్లాను. అక్కడి గుమస్తా నా మాట పూర్తిగా వినకుండానే, డయాలసిస్ నడిపేది కాంట్రాక్టు ఏజెన్సీ అనీ, రికార్డుల సంగతి తమ పరిధిలోకి రాదనీ, రాష్ట్ర కార్యాలయానికి రాసుకోమనీ అన్నాడు. రాష్ట్ర కార్యాలయానికి అక్కడి వరండాలోంచే ఫోన్ చేశాను. చాలాసేపు సంగీతం వినిపించాక ఒక గొంతు, ‘దీనికి మీరు మీ జిల్లా కార్యాలయాన్ని సంప్రదించాలి’ అంది.

“నేను జిల్లా కార్యాలయంలోనే ఉన్నాను. పక్కనే ఉన్నారు, మాట్లాడండి” అంటూ లోపలికి వెళ్లి ఫోను గుమస్తా చెవి దగ్గర పెట్టాను. అతను మొహం పక్కకి తిప్పుకున్నాడు. “అలా మాట్లాడకూడదండి. రాతపూర్వకంగా రావాలి” అన్నాడు. అవతల లైను కట్టయింది.

ఒకరు అడ్డుపడి ఉంటే ఆ మనిషిని తిట్టుకుని ఊరుకునేదాన్ని. ఇక్కడ ఎవరూ అడ్డుపడలేదు. అందరూ ‘అండి’ అన్నారు, ‘మేడమ్’ అన్నారు, కూర్చోమన్నారు. ఆ మర్యాద చూస్తుంటేనే నా ఒళ్లు మండిపోయింది.

నేను తిరిగి వెళ్లేసరికి అన్నయ్య బల్ల మీద ముందుకి వంగి, మోకాళ్లు పట్టుకుని ఊపిరి తీసుకుంటున్నాడు. వెనక్కి ఆనితే ఊపిరాడడం లేదట. పెదాలు ఎండిపోయాయి. నీళ్లు తాగితే ఒంట్లోంచి బయటికి పోవు కాబట్టి తాగకూడదు. నేను కౌంటర్ దగ్గర గొంతు పెంచాను. అన్నయ్య నా చీర కొంగు పట్టుకుని లాగాడు.

“అరవకే సెల్లీ. రేపు మళ్లీ ఈళ్ల దగ్గరకే రావాల. ఆళ్లతోటి మనకి పనున్నాది.”

నడిసముద్రంలో గాలివానకి ఎదురు నిలబడ్డ మనిషి, ఒక కౌంటర్ ముందు గొంతు తగ్గించుకోమని నన్ను బతిమాలాడు. అతని రోగం కన్నా ఆ మాట నన్ను ఎక్కువ కోసింది. ప్రాణం ఎవరి చేతిలో ఉందో వాళ్ల మీద కోపం కూడా చూపించకూడదు!

అతన్ని ఆటోలో ఎక్కించి విజయనగరంలో నాకు తెలిసిన ఒక ఆసుపత్రి ఎమర్జెన్సీకి తీసుకెళ్లాను. అక్కడ డ్యూటీలో ఒక కుర్ర డాక్టరమ్మ ఉంది. వీపు మీద స్టెత్ పెట్టి విని, “ఊపిరితిత్తుల్లో నీరు చేరిపోయింది. ఎందుకింత ఆలస్యం చేశారు?” అంది. ఫైలు సంగతి చెప్పబోయాను. “ఫైలు తర్వాత చూద్దాం. ముందు రక్తం తియ్యండి” అని నర్సుకి చెప్పింది. కిట్టు మీద కొన్ని చుక్కలు వేశారు. మేము పోగొట్టుకున్న ఆ పూటంతటి ముందు ఆ పరీక్షకి పట్టిన సమయం ఏపాటిది! ఫలితం చూసి అన్నయ్యని యంత్రం మీదికి చేర్చారు.

“ఈ పరీక్ష అక్కడ ఎందుకు చెయ్యలేదండీ?” అని అడిగాను. ఆవిడ ఇంకో రోగి దగ్గరకి వెళ్లిపోయింది.

అన్నయ్య తేరుకున్నాడు. మా ఇంట్లోనే ఉంచుకున్నాను. గంజి తాగుతూ ఉండగా అతని ఫోను మోగింది. ఎండుచేపల పెద్దమ్మ కూతురు. అన్నయ్య ‘ఆఁ... ఆఁ...’ అంటూ విని, ఫోను ఒళ్లో పెట్టుకున్నాడు.

“ఏమైంది?”

“అక్క పోనాదంట.”

వాళ్లని కూడా అదే సెంటరు నుంచి ఫైలు కోసం వెనక్కి పంపారు. కూతురు ఫైలు కోసం తిరిగింది. ఆర్డరు లేదన్నారు. జిల్లా ఆఫీసు ఎక్కడుందో తెలుసుకుని వెళ్లేసరికి మూసేశారు. ఇంటికి తీసుకెళ్లి పడుకోబెడితే ఆవిడ పడుకోలేకపోయింది. గోడకి ఆనుకుని కూర్చునే పోయింది. పోయేముందు కూతుర్ని, “రేపు ఆఫీసు తీత్తారా?” అని అడిగిందట.

ఆ సోమవారం కలెక్టరేట్లో జరిగే అర్జీల కార్యక్రమానికి వెళ్లాను. పెద్దమ్మ కూతురు నాతో వచ్చింది. అన్నయ్య వద్దన్నాడు, కానీ బయల్దేరేటప్పుడు చెప్పులు వేసుకుని మా వెనకాలే వచ్చాడు. ఆరోగ్యశాఖ తరఫున కూర్చున్న అధికారి కంప్యూటర్లో చూసి, “మీ ఫిర్యాదు క్లోజ్ అయిందమ్మా. మీరు సంతృప్తి చెందారని ఉంది” అన్నాడు.

“నేను చెందానని ఎవరు చెప్పారు?”

“మీకు ఫోను చేసి అడిగే ఉంటారు.”

“ఎవరూ చెయ్యలేదు. ఎవరు ఎక్కించారో పేరు చూపించండి.”

“అది ఇందులో కనిపించదమ్మా. మీరు కూర్చోండి, గట్టిగా మాట్లాడకండి. మీ సమస్య ఏమిటో మళ్లీ రాసివ్వండి.”

నేను కూర్చోలేదు. పెద్దమ్మ కూతుర్ని ముందుకి తెచ్చి నిలబెట్టాను. “ఈ అమ్మాయి వాళ్లమ్మ కూడా సంతృప్తి చెందిందేమో చూడండి. ఆవిడ ఇక ఫిర్యాదు చెయ్యదు” అన్నాను. ఏడుస్తానేమోనని భయం వేసి ఇంకా గట్టిగా అరిచాను. ప్లాంటు ఆగిన దగ్గర నుంచి జిల్లా ఆఫీసు వరండా దాకా అంతా చెప్పాను. నేను మాట కోసం వెతుక్కుంటున్నప్పుడు అన్నయ్య అందుకున్నాడు.

“బాబూ, మా రగతం కాయితం మాకియ్యడానికి మీకేటి నట్టం? సూసి రాసుకుంతాం, మళ్లీ ఇచ్చీత్తాం. దానికోసం మనిసి పోవాలా?”

పై సీట్లో ఉన్నాయన పిలిచి మాతో మాట్లాడాడు. ఎవరెవరికో ఫోన్లు వెళ్లాయి. రాదు రాదన్న పార్టు మర్నాడే వచ్చింది. ప్లాంటు బాగుచేశారు, యంత్రాల మీద గుడ్డలు తీశారు. అంత త్వరగా బాగుపడేదాన్ని అన్నాళ్లు ఎందుకు ఆపారని నాకు సంతోషం బదులు మళ్లీ కోపమే వచ్చింది. ఇప్పుడు ప్రతి రోగికీ పరీక్షల నకలు ఇస్తున్నారు. అన్నయ్య తనది ప్లాస్టిక్ కవర్లో పెట్టి చొక్కా జేబులో దాచుకుంటున్నాడు.

పెద్దమ్మ మరణం మీద విచారణ వేశారు. ఒక ఉద్యోగి వాళ్ల ఇంటికి వచ్చాడు. నేనూ వెళ్లాను. అతను మంచం మీద కూర్చుని, ఆవిడకి ముందే జబ్బు ముదిరిందనీ, గుండె కూడా బలహీనంగా ఉందనీ రాసుకుంటున్నాడు. కూతురు గుమ్మంలో నిలబడి చూసింది.

“ఏటి రాత్తన్నారు?”

“మీ అమ్మగారి జబ్బు వివరాలమ్మా.”

“జబ్బు నానే సెప్పినాను, రాసినారు. ఫైలియ్యలేదని కూడా సెప్పినాను. అదీ రాయండి. రాసి నాకు సదివి వినిపించండి. అప్పుడు సంతకం ఎడతాను.”

అతను కలానికి మూత పెట్టి నా వంక చూశాడు. నేను ఆ అమ్మాయి వైపు చూపించాను. కలం మూత మళ్లీ తీశాడు.