అవ్వ కాపలాలో నేర్చుకున్న లెక్క

నిన్న సాయంత్రం నటబువాలో మా ఇంట్లో, మనవరాలు బల్ల దగ్గర కూర్చుని ఎ స్క్వేర్ మైనస్ బి స్క్వేర్ అంటే ఎ ప్లస్ బి ఇంటూ ఎ మైనస్ బి అని వల్లె వేస్తుంటే, నా చూపు దానంతటదే గుమ్మం వైపు పోయింది. అక్కడ ఎవరూ లేరు. ఉండవలసిన మనిషి మా అవ్వ, నాన్నగారి తల్లి.

మా దీవుల దేశానికి స్వతంత్రం వచ్చిన కొత్తలో మేము రాకిరాకిలో చెరకు పొలం పక్కన రేకుల ఇంట్లో ఉండేవాళ్ళం. ఆ ఏడు పెద్ద పరీక్షలో లెక్కలు తప్పితే నాకు చదువు మాన్పించి పెళ్ళి చేసేయాలని ఇంట్లో అనుకున్నారు. అదృష్టం కొద్దీ సింగటోకా నుంచి బడికి కొత్తగా ఒక కుర్ర మాస్టరు వచ్చాడు. నాన్న అతన్ని ట్యూషన్‌కి కుదిర్చారు. మడత నలగని అతని చొక్కా చూడగానే అవ్వకు అనుమానం పుట్టింది. వరండాలో మా బల్లకు దగ్గరగా పీట వేసుకుని, బియ్యంలో రాళ్ళు ఏరుతున్నట్టు కూర్చునేది. అంత శుభ్రమైన అన్నం మేము మళ్ళీ ఎప్పుడూ తినలేదు.

అవ్వకు ఇంగ్లీషు రాదు. రోజూ ఎ, బి అని వినీ వినీ వాళ్ళు ఎవరో మనుషులని తేల్చుకుంది. ఒకరోజు చేట పక్కన పెట్టి అడిగింది. "మాస్టర్, ఈ ఎ ఎవరు, బి ఎవరు? ఇద్దర్నీ ఒకసారి కలుపుతావు, ఒకసారి విడదీస్తావు. కోన్చీ, ఏంది మాట్లాడతా ఉండారు మీరు?"

మాస్టరు మొహం ఎర్రబడింది. పాత పేపరు చదరంగా కత్తిరించి, మూలలో చిన్న చదరం కోసి పక్కన పెట్టాడు. మిగిలిన కాగితాన్ని రెండు ముక్కలు చేసి, ఒకదాన్ని తిప్పి రెండోదాని పక్కన చేర్చాడు. పొడుగాటి పట్టీ అయింది. "దేఖో ఆజీ, చూడవ్వా, పొడుగు రెండు చదరాల అంచులూ కలిపినంత. వెడల్పు వాటి తేడా అంత. ఇదే లెక్క."

"ఒక ముక్క దాచినావు," అంది అవ్వ. అతని అరచేతులు చూసింది, చొక్కా జేబు తడిమింది. తర్వాత ముక్కలన్నీ తనే మళ్ళీ అమర్చి, మూలలో చిన్న చదరం పెట్టి, అంచుల వెంట వేలితో రాసి చూసింది. అంతవరకూ బట్టీ పట్టిన నాకు, అవ్వ దొంగతనం వెతుకుతుండగా ఆ లెక్క కళ్ళకు కట్టింది. అవ్వ మాత్రం పీట ఇంకాస్త ముందుకు జరుపుకుంది.

పరీక్ష దగ్గర పడుతుండగా పక్కింటావిడ నాన్నతో, "లెక్కలకి అంత నవ్వు ఎందుకు భయ్యా?" అందట. రేపటి నుంచి మాస్టరు రానక్కర్లేదన్నారు నాన్న. అవ్వ నాలాగే కోప్పడుతుందో, సంతోషిస్తుందో తెలియక తల దించుకున్నాను.

"ఆమె చూసిందా?" అంది అవ్వ, నెమ్మదిగా. "నేను చూసినా. రోజూ కూర్చొని చూసినా. ఆ పిల్లోడు లెక్కే చెప్పె, ఇంకేం చెప్పలే. రేపు వస్తాడు."

అవ్వ అన్నట్టే మర్నాడు మాస్టరు వచ్చాడు, నేను పరీక్ష గట్టెక్కాను, తర్వాత నేనూ లెక్కల టీచర్నే అయ్యాను. అతను సింగటోకాలో వాళ్ళవాళ్ళు చూసిన అమ్మాయిని చేసుకున్నాడు; ఆ పెళ్ళికి వెళ్ళి అవ్వా నేనూ పక్కపక్కనే కూర్చుని తిన్నాం. ఆ రోజుల్లో అవ్వ చూపు వీపు మీద బరువులా ఉండేది. నా మీద అంత ఓపికగా అనుమానపడ్డ మనిషి మళ్ళీ దొరకలేదు. కాలం అలాంటి వాళ్ళనే ముందుగా తీసుకుపోతుందనుకుంటాను.