పళ్లక్క ఇంటి ధర

ఆమెను అందరూ పళ్లక్క అనే పిలిచేవారు. కట్టుడు పళ్లు చేయడం ఆమె వృత్తి. పళ్ల డాక్టరు రోగి నోట్లోంచి తీసిన అచ్చు, ఆమె అద్దెకు తీసుకున్న చిన్న ల్యాబు గదికి వచ్చేది. అందులో ప్లాస్టర్ పోసి, గట్టిపడ్డాక విప్పి, మైనంతో చిగుళ్లు దిద్ది, పళ్లు ఒక్కొక్కటే నిలబెట్టేది. ఎవరైనా ఎదురుపడి నవ్వితే ఆమె చూపు ముందు నోటి మీదికే పోయేది. "నా మొహం చూసి మాట్లాడు తల్లీ" అని ఆమె అన్నయ్య విసుక్కునేవాడు. అతను ఇళ్లకు రంగులు వేసే మేస్త్రి. అతనికీ ఎవరింటికి వెళ్లినా ముందు గోడలే కనిపించేవి కాబట్టి చెల్లెల్ని అనే అర్హత లేదు.

పళ్లక్క భర్త సిటీ బస్సు డ్రైవరు. వాళ్లకు ఒక కూతురు. పెళ్లయిన తొమ్మిదేళ్లలో నాలుగు అద్దె ఇళ్లు మారారు. ఒకసారి ఓనరు కొడుక్కి ఇల్లు కావలసి వచ్చింది, ఒకసారి అద్దె ఒక్కసారే మూడో వంతు పెంచారు, ఒకసారి పైకప్పు కారుతోందని అడిగినందుకు ఖాళీ చేయమన్నారు. చివరిసారి సామాను వ్యానులోకి ఎక్కిస్తుంటే, అప్పటికి ఆరేళ్ల కూతురు తన బొమ్మల పెట్టె తనే పట్టుకుని వచ్చి, "దీన్ని ఈసారి విప్పనులే అమ్మా, మళ్లీ కట్టాలిగా" అంది. ఆ మాట పళ్లక్క మనసులోంచి పోలేదు.

ఆ ఏడాదే అన్నయ్య తను రంగులు వేస్తున్న ఒక కొత్త భవనంలో మూడో అంతస్తు ఫ్లాటు గురించి చెప్పాడు. రెండు పడక గదులు, తూర్పు వైపు పెద్ద కిటికీ.

"అద్దె కట్టీ కట్టీ ఏం మిగుల్చుకున్నారు? అదే డబ్బు బ్యాంకుకి కట్టండి. ఇల్లైనా మీదవుతుంది" అన్నాడు.

వాళ్లు దాచుకున్నది ముందు కట్టేయగా ఇరవై ఎనిమిది లక్షలు తక్కువ పడ్డాయి. అల్మరాలకు, కొత్త ఫ్రిజ్‌కు కలిపి ఇంకో రెండు లక్షలు కూడా ఇందులోనే తీసుకోండి, విడిగా అయితే వడ్డీ ఎక్కువ అని బ్యాంకు కుర్రాడు సలహా ఇచ్చాడు. మొత్తం ముప్పై లక్షలు, ఇరవై ఏళ్లు. భార్యాభర్తలిద్దరూ అడిగింది ఒక్కటే ప్రశ్న: నెలకి ఎంత? ఇరవై ఆరు వేలు అన్నాడు. ఇద్దరి సంపాదనా కలిపి లెక్క వేసుకుంటే బిగువుగానే అయినా సరిపోయింది. పైగా ఇరవయ్యో ఏడు సరిగ్గా డ్రైవరు రిటైరయ్యే ఏడు. ఉద్యోగమూ అప్పూ ఒకేసారి వదిలిపోతాయి కదా అని ఇద్దరూ సంబరపడ్డారు. కాగితాల మీద సంతకాలు పెట్టీ పెట్టీ చివరికి పళ్లక్కకు తన సంతకం తనకే కొత్తగా కనిపించింది.

ఇంట్లో దిగిన మొదటి రోజే డ్రైవరు సుత్తి తీసుకుని హాల్లో ఏడు మేకులు కొట్టాడు. తగిలించడానికి ఒక్క గడియారం తప్ప ఏమీ లేదు.

"మిగతావి ఎందుకండీ?" అంది పళ్లక్క.

"అద్దె ఇంట్లో ఒక్క మేకు కొట్టనివ్వలేదు. కొట్టాలనిపించింది, కొట్టా" అన్నాడు.

ఆరేళ్లు హాయిగానే గడిచాయి. ఒక్క నెల కూడా వాయిదా తప్పలేదు. ఆరో ఏడు చివర్లో ఫ్రిజ్ చెడిపోయింది. బాగుచేసే అతను వచ్చి వెనక మూత విప్పి చూసి, దీనికి పెట్టే ఖర్చుతో కొత్తదే వస్తుందన్నాడు. అదే వారం డ్రైవరు ఒక పాత కారు చూసి వచ్చాడు. ఎవరో ముసలి దంపతులు జాగ్రత్తగా వాడిన ముదురాకుపచ్చ కారు. అందులో కాసేపు కూర్చుని కూడా వచ్చాడు. ఇంటి అప్పు మీద అదనంగా మరికొంత ఇస్తామని బ్యాంకు నుంచి అతని ఫోనుకు మెసేజ్ వచ్చి ఉంది. అతనికి డ్యూటీ ఉండడంతో, పళ్లక్క సగం రోజు ల్యాబు మూసి బ్యాంకుకు వెళ్లింది.

అప్పుల విభాగంలో ఉన్నావిడ నడివయసు మనిషి. కళ్లద్దాలు గొలుసుతో మెడలో వేలాడుతున్నాయి.

"మూడు లక్షలేగా? ఇస్తామండీ. మీరు ఒక్క వాయిదా కూడా తప్పలేదు. ఈఎంఐ కొంచెం పెరుగుతుంది. పెరగకూడదనుకుంటే గడువు ఇంకొంచెం పెంచుతాం" అంది.

"ఇంకొంచెం అంటున్నారు. ఇంతకుముందు ఎప్పుడైనా పెంచారా?"

ఆఫీసరమ్మ కళ్లద్దాలు పెట్టుకుని కంప్యూటరులో చూసింది. "మీకింకా పద్దెనిమిదేళ్లకి ఒక నెల తక్కువ ఉంది."

"పద్నాలుగేళ్లు కదండీ. ఇరవైలో ఆరు పోయాయి."

"మీది మారే వడ్డీ అమ్మా. రెండేళ్లకి రేటు ఒక శాతం పెరిగింది. నెలనెలా కట్టేది పెంచితే మీకు ఇబ్బంది అవుతుందని గడువు పెంచారు. అప్పుడు మెసేజ్ వచ్చి ఉంటుందే."

వచ్చే ఉంటుంది. బ్యాంకు నుంచి రోజుకు నాలుగు మెసేజ్‌లు వస్తుంటే పళ్లక్క చదవకుండానే తీసేసేది.

"ఇప్పటిదాకా మేం ఎంత కట్టామండీ?"

"పద్దెనిమిది లక్షల డెబ్బై వేల పైనే."

"అందులో అప్పు ఎంత తగ్గింది?"

"మూడు లక్షల పదిహేను వేలు."

పళ్లక్క తను సరిగా వినలేదనుకుంది. "మిగతాది?"

"వడ్డీ అమ్మా."

పళ్లక్క కుర్చీ ముందుకు జరుపుకుని అడిగింది. "పోయిన నెల ఇరవై ఆరు వేలు కట్టాం కదా, అందులో అసలుకి పోయింది ఎంత?"

"నాలుగు వేల ఏడు వందల ఎనభై."

"మొట్టమొదటి నెల?"

ఆఫీసరమ్మ వెనక్కి వెళ్లి చూసింది. ఒకసారి చూసి, నమ్మకం కుదరక మళ్లీ చూసింది. "అదీ దాదాపు అంతే. మధ్యలో రేటు పెరిగింది కదా, అందుకని. మామూలుగా అయితే ఈపాటికి ఇంకా ఎక్కువ పోతుండాలి."

ఇదే తీరుగా చివరిదాకా కడితే మొత్తం ఎంతవుతుందని అడిగితే డెబ్బై నాలుగున్నర లక్షలని తేలింది. వాళ్లు పాడైపోయిన ఫ్రిజ్‌కు కూడా ఇంకా పద్దెనిమిదేళ్లు కట్టబోతున్నారు.

ఆఫీసరమ్మ చెడ్డ మనిషి కాదు. అదనపు అప్పు కాగితాలు పక్కన పెట్టి, అడగకముందే రెండు సంగతులు చెప్పింది. కొత్తగా అప్పు తీసుకునేవాళ్లకు ఇప్పుడు తక్కువ రేటు ఇస్తున్నారు, చిన్న రుసుము కట్టి అర్జీ పెడితే పాతవాళ్లకూ ఆ రేటు వర్తిస్తుంది. ఇక నెలనెలా ఎంతో కొంత ఎక్కువ కడితే ఆ ఎక్కువంతా నేరుగా అసలులోంచి తగ్గుతుంది.

"ఇది మొదట్లోనే ఎందుకు చెప్పరండీ?"

"అడిగేవాళ్లు తక్కువమ్మా. మేము అప్పులెన్ని ఇచ్చామనే మా పైవాళ్లు చూస్తారు. ఎంత తొందరగా తీరాయని ఎవరూ అడగరు" అంది ఆవిడ.

పళ్లక్క డబ్బు తీసుకోకుండా వచ్చేసింది. రెండు రోజులు ఇంట్లో ఏమీ చెప్పలేదు. ఎలా చెప్పాలో తెలియలేదు. మూడో రోజు డ్రైవరే అడిగాడు. "కారు వాళ్లు ఫోన్ చేశారు. ఏమైంది?"

ఆమె విన్నదంతా వరసగా చెప్పింది. అతను కంచం ముందు కూర్చుని విన్నాడు. అన్నం ఎండిపోయింది.

"అయితే ఆరేళ్లుగా మనం వెర్రివాళ్లమన్నమాట" అన్నాడు.

"వెర్రి కాదండీ. అడగలేదు, అంతే."

"పద్దెనిమిదేళ్లుగా బస్సు నడుపుతున్నా. ఎక్కేవాళ్లు ఎక్కుతారు, దిగేవాళ్లు దిగుతారు. నాకు నచ్చిన సందులోకి ఒక్కసారి తిప్పలేను. నాదంటూ ఒక బండి ఉండాలనుకోవడం అంత తప్పా?"

"తప్పని నేనన్నానా? కానీ మీరు రిటైరయ్యాక కూడా నాలుగేళ్లు వాయిదాలున్నాయి. అవెవరు కడతారు?"

అతను చేయి కడుక్కుని కిందికి వెళ్లిపోయాడు. వారం రోజులు ఆ ఇంట్లో అవసరమైన మాటలే వినిపించాయి. ఉప్పు ఎక్కడుంది, ఫీజు కట్టారా, తలుపు వేశావా. కూతురు ఇద్దరినీ మార్చి మార్చి చూసి తన గదిలోకి పోయేది.

ఆదివారం అన్నయ్య వచ్చాడు. సంగతి విని అతనికి రోషం వచ్చింది, తను చూపించిన ఇల్లు కదా.

"అద్దె ఇంట్లోనే ఉండి ఉంటే ఈ ఆరేళ్లలో పది లక్షలు ఓనరు జేబులోకి పోయేవి. అప్పుడు ఏడ్చేదానివి కాదా?"

"నిజమే అన్నయ్యా. ఇల్లు కొనడం తప్పని నేననట్లేదు. ముప్పై అనుకుని కొన్నాం. డెబ్బై నాలుగని తెలిస్తే వేరేలా కొనేవాళ్లం. ఒక గది తక్కువున్నది చూసేవాళ్లం. అల్మరాలు, ఫ్రిజ్ తర్వాత కొనుక్కునేవాళ్లం."

అన్నయ్య కాసేపు గోడ చూశాడు. "నాకూ తెలీదమ్మాయ్. తెలిస్తే చెప్పేవాణ్ణి" అన్నాడు తగ్గిన గొంతుతో. "పోనీ అమ్మేస్తారా?" అన్నాడు.

అప్పటిదాకా నోరు విప్పని డ్రైవరు, "అమ్మేది లేదు బావా" అన్నాడు. తర్వాత భార్య వైపు తిరిగి, "నీ ల్యాబు గదికి అద్దె ఎంత?" అని అడిగాడు.

"కరెంటుతో కలిపి అయిదు వేలు."

"మన పెద్ద గది పొద్దస్తమానం ఖాళీగా ఉంటోంది. పడుకోవడానికేగా? హాల్లో పడుకుందాం. నీ యంత్రాలు అక్కడ పెట్టుకో. ఆ అయిదు వేలు అసలుకి కడదాం."

అతను వారమంతా మాట్లాడకుండా ఉన్నది కోపంతోనే కాదని పళ్లక్కకు అప్పుడు అర్థమైంది. డిపోలో ఎవరిచేతో లెక్క కూడా వేయించుకొచ్చాడు. తక్కువ రేటుకు మారి, నెలకు అయిదు వేలు ఎక్కువ కడితే పదకొండున్నర ఏళ్లలో తీరిపోతుంది. రిటైర్మెంటుకు రెండున్నరేళ్లు ముందే.

రేటు మార్పించుకోవడానికి రెండుసార్లు బ్యాంకు చుట్టూ తిరిగారు. ల్యాబు ఇంటికి వచ్చింది. పెద్ద మంచం విప్పి అన్నయ్య ఇంటికి పంపారు. తూర్పు కిటికీ కింద బల్ల, దాని మీద సానపెట్టే మోటారు, మూలన ప్లాస్టర్ బస్తా. మొదటి నెల కింది ఫ్లాటావిడ మోటారు చప్పుడుకు తలనొప్పి వస్తోందని రెండుసార్లు పైకి వచ్చింది. పళ్లక్క మోటారు కింద దళసరి రబ్బరు పరచి, మధ్యాహ్నం ఆవిడ నిద్రపోయే వేళ యంత్రం ఆపి మైనం పని పెట్టుకునేది. తెల్లటి దుమ్ము మాత్రం ఎంత తుడిచినా ఉండేది. స్కూల్లో టీచరు, "మీ ఇంట్లో రోజూ పిండి విసురుతారా?" అని అడిగిందని కూతురు చెప్పి నవ్వింది. కొన్నాళ్లకు ఆ నవ్వు పోయింది. స్నేహితుల్ని ఇంటికి పిలవడం మానేసింది. హాల్లో పరుపులు చూపించడం ఆ పిల్లకు నామోషీ. పళ్లక్కకు అది తెలుసు. తెలిసీ ఏమీ చేయలేకపోయింది.

తయారైన పళ్ల సెట్లను డాక్టర్లకు చేర్చే పని డ్రైవరు తీసుకున్నాడు. అతని రూటులో మూడు క్లినిక్కులు ఉన్నాయి. "మా డ్రైవరు సంచిలో పది మంది పళ్లుంటాయి, జాగ్రత్తగా మాట్లాడండి" అని కండక్టరు అందరికీ చెప్పేవాడు.

అన్నీ అనుకున్నట్టు జరగలేదు. ల్యాబు ఇంటికి వచ్చిన ఐదో ఏడు డ్రైవరు నడుముకు ఆపరేషన్ అయింది, ఏడెనిమిది నెలలు ఎక్కువ కట్టలేకపోయారు. కూతురు పై చదువు ఫీజులకు ఒక ఏడాది సగమే కట్టారు. ఫ్రిజ్ మొదట్లోనే సెకండ్‌హ్యాండుది కొన్నారు, దాని తలుపు వేయాలంటే మోకాలితో తోయాలి. చివరికి పన్నెండేళ్లకు అప్పు తీరింది. మొత్తం మీద అరవై లక్షలు దాటే కట్టారు. తక్కువేమీ కాదు. కానీ ఊరికే వదిలేసి ఉంటే పోయేదానికంటే పదిపన్నెండు లక్షలు మిగిలింది, ఆరేళ్ల జీవితం మిగిలింది.

కాగితాలు తీసుకోవడానికి వెళ్లినప్పుడు బ్యాంకులో అంతా కొత్తవాళ్లే. ఒక కుర్రాడు కవరు చేతికిచ్చి, సంతకం పెట్టించుకుని, తమ దగ్గర మంచి పథకాలున్నాయి, మళ్లీ ఏదైనా అప్పు కావాలా అని అడిగాడు. డ్రైవరుకు నవ్వాగలేదు. బయటికి వచ్చి ఎదురుగా ఉన్న బండి దగ్గర ఇద్దరూ టీ తాగారు.

మిగిలిన రెండేళ్ల ఉద్యోగంలో వాయిదా డబ్బు దాచి డ్రైవరు ఒక పాత కారు కొన్నాడు, రొక్కం పెట్టి. ఎనిమిది నెలలు నడిపి అమ్మేశాడు. "కూర్చుంటే డ్యూటీ ఎక్కినట్టే ఉందే" అన్నాడు. ఆ డబ్బు అతనిదే కదా అనుకుంది పళ్లక్క.

కూతురికి ఉద్యోగం వచ్చి, పెళ్లయి, అల్లుడితో కలిసి ఇల్లు చూసుకుంటున్నప్పుడు తల్లిని వెంట తీసుకెళ్లింది. బ్యాంకులో వాళ్లు నెలకు ఎంతో చెప్పగానే కూతురే అడిగింది, చివరిదాకా కడితే మొత్తమెంత, రేటు పెరిగితే గడువు పెంచుతారా, వాయిదా పెంచుతారా అని. అల్లుడు మొహమాటపడి ఆమె మోచెయ్యి తట్టాడు. ఆమె ఆపలేదు. ఆ రోజు వాళ్లు అప్పు తీసుకోలేదు. ఏడాది ఆగి, ఇంకొంచెం దాచి, చిన్న ఇల్లు కొనుక్కున్నారు.

ఇప్పుడు పళ్లక్కకు అరవై దగ్గర పడుతోంది. పెద్ద గది మళ్లీ పడక గది చేసుకుందామని డ్రైవరు రెండు మూడుసార్లు అన్నాడు. ఆమెకు ఇష్టం లేకపోయింది. పొద్దుటి ఎండ ఆ బల్ల మీద పడుతుంది. పళ్ల రంగు సరిచూడటానికి అంత వెలుగు ఊళ్లో ఏ ల్యాబులోనూ దొరకదంటుంది. ఇద్దరూ హాల్లోనే పడుకుంటారు.