ఎస్తేరును ఫెర్రీ ఎక్కించబోయి

2005లో నేను పోర్ట్‌బ్లెయిర్‌కు అవతలి ఒడ్డున, బాంబూఫ్లాట్ వైపు ఒక చిన్న ఆసుపత్రిలో నర్సుని. సునామీ వచ్చి ఏడాది కూడా కాలేదు. కట్టు విప్పేస్తే కేసు అయిపోయిందనుకునే మనిషిని అప్పట్లో.

ఎస్తేరుకు ఎనిమిదో నెల. నికోబార్‌లో తల్లిని సునామీలో పోగొట్టుకుని, భర్తతో మా ఊరు వచ్చేసింది. ఆదివారాలు మా తెలుగు చర్చిలో నా పక్కనే కూర్చునేది. పరీక్ష చేస్తే ట్రాన్స్‌వర్స్ లై అని తేలింది. కడుపులో బిడ్డ తల కిందికి రాకుండా అడ్డంగా ఉందన్నమాట. అలాగే నొప్పులొస్తే తల్లీబిడ్డలిద్దరికీ గండం. పోర్ట్‌బ్లెయిర్ పెద్దాసుపత్రికి రిఫరల్ రాశాం. వెళ్ళలేదు. మళ్ళీ రాశాం. మళ్ళీ వెళ్ళలేదు.

ఫెర్రీలో పట్టుమని పావుగంట కూడా ఉండదు ప్రయాణం. సముద్రమంటే భయం కాబోలని, ఒక ఉదయం నేనే వెంటబెట్టుకుని జెట్టీకి తీసుకెళ్ళాను. నీళ్ళు కనబడకుండా ఫెర్రీ లోపలి బెంచీ మీద కూర్చోబెట్టి, కళ్ళు మూసుకోమన్నాను. "ప్రార్థన చేసుకో. విశ్వాసం ఉన్నవాళ్ళకి భయమేంటి?" అని కూడా అన్నాను. గట్టున కూర్చుని ఎన్ని కబుర్లైనా చెప్పొచ్చు.

ఇంజన్ మోగింది. ఎస్తేరు రెండు కాళ్ళూ బెంచీ పైకి లాక్కుంది. ఊపిరి అందలేదు, చేతులు కొంకర్లు పోయాయి. దాన్ని పానిక్ అటాక్ అంటారు. ఎదురుగా ప్రమాదం లేకపోయినా ప్రాణం పోతున్నట్టే ఉంటుంది. ఇంకా తాళ్ళు విప్పలేదు కాబట్టి దింపేయగలిగాం.

ఆ తర్వాత ఆమె ఆసుపత్రికి రావడం మానేసింది. చర్చికీ రాలేదు. నెలలు నిండుతున్నాయి. వాళ్ళింటికి వెళ్ళి గుమ్మంలోనే చెప్పాను. "తప్పు నాదే ఎస్తేరూ. నీ విశ్వాసం తూచడానికి నేనెవరిని?"

ఆమె ఏరుతున్న బియ్యం చేట పక్కన పెట్టింది.

"నీల్లంటే బయిం నేదు దీదీ. రోజూ సేపలు కొనుక్కోడానికి జెట్టీకెల్తాను గదా. కాల్ల కింద ఒణుకుతాది సూడు, అదీ. సునామీ దినం ముందు నేలే ఒణికింది."

"మరి రోడ్డు మీద జీపూ కుదుపుతుంది కదమ్మా?"

"జీపు రుకో అంటే ఆగుతాది. బోటు మద్దిలో ఆగదు గదా."

ఇంత చిన్న సంగతి ముందే అడగనందుకు సిగ్గేసింది. తల్లి గురించి ఆమె చెప్పలేదు, నేను అడగలేదు.

ఫెరార్గంజ్ మీదుగా చుట్టూ తిరిగి వెళ్ళే రోడ్డు ఉంది. నొప్పులొచ్చాక అంత దూరం కుదరదు కాబట్టి, ముందే పెద్దాసుపత్రిలో చేర్పించేలా మా డాక్టరుగారిని బతిమాలి జీపు సంపాదించాను. ఆమె ఆపమంటే ఆపాలి, ఎందుకని అడగకూడదు అని డ్రైవర్‌కు చెప్పాను. "ఠీక్ హై దీదీ" అన్నాడు.

ఊరు దాటగానే ఎస్తేరు "భయ్యా, రోక్ దో" అంది. దిగి, చెప్పులు విడిచి, కాసేపు నేల మీద నిలబడింది. "చలో" అని ఎక్కింది. మళ్ళీ ఆపమంది. ఆపాడు. ఫెరార్గంజ్ దాటాక ఇక అడగలేదు.

ఆపరేషన్ చేశారు. ఆడపిల్ల. ఇద్దరూ క్షేమం. తిరుగు ప్రయాణం కూడా రోడ్డు మీదే. ఎస్తేరు ఇప్పటికీ ఫెర్రీ ఎక్కదు. ఎక్కమని నేనూ అనను.

ధైర్యం చెప్పడం మాత్రం ఆనాటితో మానేశాను. సూది వేసినా, కుట్లు విప్పినా, ముందు ఒకే మాట చెబుతాను: "ఆపమంటే ఆపేస్తాను." చాలామంది ఆపమనే అనరు.