పండగ జరగని పుస్తకాలు

జనవరి, మూడో శనివారం, అరకు. ఉన్నవారు: నేను, నేను దిగిన రిసార్టు యజమాని, డుంబ్రిగుడ వైపు నుంచి వచ్చే వంటమనిషి సొంబారి.

హాల్లో తాళం వేసిన అద్దాల బీరువా నిండా పుస్తకాలున్నాయి. చరిత్ర, సినిమా దర్శకుల జీవితాలు, కవిత్వం, బొమ్మల కథలు. చరిత్ర పుస్తకం ఒకటి అడిగాను.

"తియ్యకండి సార్, గోడ రంగుకి మ్యాచింగ్ చూసి కొన్నాను. ఫొటోల కోసం," అన్నాడు విశాఖ నుంచి వచ్చిన ఆ యజమాని గర్వంగా. ఆయన లెక్కలో కవిత్వమంటే లేత నీలం, దర్శకులంటే నలుపు. అంతకు మించి వాటితో ఆయనకు పరిచయం లేదు.

సొంబారి ఈమధ్యే చదవడం నేర్చుకుంది. బొమ్మల కథల మీద ఆమెకు ఎంతో ఆశ.

"ఎవులూ ముట్టరేటి బాబూ? ఈటికింకా కొత్తల పండగ సెయ్యనేదా?" అని యజమానిని అడిగింది. వాళ్ల ఊళ్లో చిక్కుడైనా, మామిడైనా దేవతకు పెట్టి పండగ చేసేదాకా ఎవరూ నోట పెట్టరు. చేశాక ఎవరినీ వద్దనకూడదు.

"ఆఁ, అదే. చెయ్యలేదు," అని తప్పించుకున్నాడు మహానుభావుడు.

మర్నాడు పొద్దున్నే ఆమె బియ్యం, పసుపు, కోడిగుడ్డు తెచ్చి బీరువా ముందు కూర్చుంది. రిసార్టులోని అతిథులు వీడియో తీయడానికి ఫోన్లు ఎత్తారు. ఉచిత ప్రచారమనుకుని యజమాని స్వయంగా తాళం తీశాడు. పూజ అవగానే అతిథులు తలో పుస్తకం పట్టుకుపోయారు. సొంబారి బొమ్మల కథలతో వంటింటి గుమ్మంలో కూర్చుంది.

"టిఫినేదే?" అని అరిచాడాయన.

"ఉండు బాబూ, రాజుగోరు నూతిలో పడిపోనారు. పైకొచ్చినాక ఇడ్లీ దించుతాను," అంది తలెత్తకుండా.