మస్తాన్ టాంగాలో ముందు సీటు

అందరూ ఎలా ఉన్నారు... కాప్రా చెల్లెమ్మా, నీ మోకాలు ఎలా ఉంది, మెట్లు దిగేటప్పుడు గోడ పట్టుకుంటున్నావా లేదా? మెట్టుగూడ వదినా, కంట్లో చుక్కల మందు మానెయ్యకు. అన్నయ్యా, నీ దగ్గు సంగతి ఎవరూ చెప్పడం లేదు, చెప్పకపోతే నాకు ఇంకా భయం... నేనెరగని వాళ్ళు కూడా నా రాతలు చదువుతున్నారట. మీ ఇళ్ళల్లోనూ క్షేమమే కదా. నాలుగో తరగతితో ఆగినదాన్ని, తప్పులుంటే సర్దుకుని చదవండి.

మా చిన్నప్పుడు... లాలాగూడ నుంచి సికింద్రాబాద్ వెళ్ళాలంటే మాకు టాంగానే. రెండు చక్రాలు, ఒక గుర్రం... ముందు సీట్లో తోలేవాడు, పక్కన ఒకరిద్దరు మగవాళ్ళు. వెనక సీటు ఆడవాళ్ళది, వీపులు గుర్రం వైపు, ముఖాలు రోడ్డు వైపు, అడ్డంగా పరదా. దానికి టైమంటూ లేదు. మనుషులు నిండితే కదులుతుంది, నిండకపోతే లేదు.

ఖాళీ టాంగా ఎవరూ ఎక్కరు, ఎప్పుడు బయలుదేరుతుందో తెలియదు కదా. అందుకని టాంగాలు ఆగే అడ్డాలో, మస్తాన్ అనే టాంగావాడు తన కూతురు జాన్‌బీని వెనక సీట్లో కూర్చోబెట్టేవాడు. ఒకరున్నారులే అని ఇంకొకరు ఎక్కేవారు. నిండాక ఆ పిల్ల చల్లగా దిగిపోయేది. జాన్‌బీది నా ఈడే... నాకున్న స్నేహం అదొక్కటే. మిగతా పిల్లలు పరుగులు పెట్టేవాళ్ళు, పడతానేమోనని నేను వెళ్ళేదాన్ని కాదు.

బరువు సర్దడం కూడా మస్తాన్ పనే. వెనక ఎక్కువైతే గుర్రానికి అటూ ఇటూ ఉండే బండి కొయ్యలు పైకి లేచి, మస్తాన్ గుర్రం మోతీకి పొట్ట కింద పట్టీ బిగుసుకుంటుంది. "జెర ముందుకు జరుగు పెద్దమ్మా" అంటే అందరూ జరిగేవాళ్ళు. నన్నయితే ఎత్తి ఇటు తీసి అటు పెట్టేవాడు, తక్కెడలో రాయిలాగా...

అంతలో పోలీస్ యాక్షన్ వచ్చింది, నిజాం మీదికి ఇండియా సైన్యం దిగింది. నాకప్పుడు ఎనిమిదేళ్ళు. తలుపులు వేసుకుని కూర్చున్నాం. నాన్న రైల్వే వర్క్‌షాపు నుంచి ఇల్లు చేరేదాకా నేను గడప దగ్గరే... తర్వాత రోడ్ల మీదికి మనుషులు వచ్చారు గానీ మస్తాన్ టాంగా మాత్రం ఎవరూ ఎక్కలేదు. అతనంటే కోపం కాదు. తురకవాళ్ళ బండిలో కనిపిస్తే ఎవరేమంటారో, ఎటునుంచి రాయి పడుతుందో అని. అతనూ భయపడి కూతుర్ని అడ్డాకు తేవడం మానేశాడు.

ఒక శనివారం మా పెరటి గోడ దగ్గర జాన్‌బీ చెప్పింది.

"రేపు సుత ఎవ్వరూ ఎక్కకపోతే అబ్బాజాన్ మోతీని అమ్మేస్తడంట. మేం నానమ్మ ఊరికి పోతం."

"మళ్ళ ఎప్పుడొస్తరు?"

"గుర్రం లేకుంటే ఇక్కడేం పని."

ఆ రాత్రి అన్నం ముట్టకుండా పడుకున్నాను...

ఆదివారం చర్చికి బయలుదేరాం. నడిచి పోదామన్నాడు నాన్న. అమ్మ లావు మనిషి, నాలుగడుగులకు ఒక ఆయాసం. అడ్డా దగ్గర మస్తాన్ ఖాళీ టాంగా పక్కన నిలబడి ఉన్నాడు. నేను నాన్న చెయ్యి విడిపించుకుని, వెనక సీటెక్కి, అచ్చం జాన్‌బీలాగే కూర్చున్నాను. ఒకరున్నారంటే ఇంకొకరు ఎక్కుతారు కదా...

"దిగు" అన్నాడు నాన్న. నేను కమ్మీ పట్టుకుని, "జాన్‌బీ ఎల్లిపోతది నాన్నా" అన్నాను.

నన్ను దింపడానికి అమ్మ వచ్చింది. నా ముఖం చూసింది. తల వంచుకుని గుర్రం జూలు సవరిస్తున్న మస్తాన్‌ని చూసింది. "నాకు కాళ్ళు గుంజుతున్నయి, బండి మీదనే పోతం" అని వెనక ఎక్కేసింది.

అంతే... బండి వెనక్కి వాలింది. కొయ్యలు లేచాయి. నాన్న గబగబా ముందు ఎక్కినా తూగలేదు, ఆయన అంత బక్కమనిషి. అడ్డాలో ఎవరో పక్కున నవ్వారు. ఎన్ని రోజులైందో నవ్వు విని...

మస్తాన్ కొయ్య పట్టుకుని వేలాడుతూ, "అమ్మా, మీరు ముందుకు రావాలె. లేకుంటే మోతీ ఆకాశంల నడుస్తది" అన్నాడు.

ఆ రోజుల్లో ముందు సీట్లో ఆడమనిషిని నేను చూసి ఎరగను. అమ్మ ఒక్క క్షణం ఆగింది. దిగి, బైబిల్ చంకలో పెట్టుకుని, అందరూ చూస్తుండగా మస్తాన్ పక్కన కూర్చుంది. నాన్న వెనక్కి వచ్చాడు, పరదాలోకి. రాయి పడుతుందేమోనని నేను, ఎవరైనా గుర్తుపడతారేమోనని నాన్న... ఇద్దరం పరదా అంచు గట్టిగా పట్టుకున్నాం.

మెట్టుగూడ దగ్గర చర్చికి నడిచి వెళ్తున్న ఇద్దరు ఆడవాళ్ళు మమ్మల్ని చూశారు.

"ఏందక్కా, ముందు కూసున్నవ్?"

"ఏం చేస్త... ఆడోళ్ళ సీట్ల మీ బావ కూసున్నడు."

వాళ్ళు పరదా ఎత్తి చూసి, కొంగు అడ్డం పెట్టుకుని నవ్వారు. నాన్న దిగి ముందుకు పోయాడు, వాళ్ళు ఎక్కారు. బండి నిండింది. మస్తాన్ నాలుకతో టక్కున చప్పుడు చేశాడు, మోతీ పరుగందుకుంది...

మరుసటి ఆదివారం మేము అడ్డాకు వెళ్ళేసరికి వెనక సీట్లో జాన్‌బీ కూర్చుని ఉంది.

ఇప్పుడు ఫోన్ నొక్కితే ఒక్క మనిషి కోసం ఇంత కారు వస్తుంది. హాయిగానే ఉంటుంది... కానీ పక్కన ఎవరూ ఉండరు, జెర జరుగమ్మా అనేవాళ్ళూ ఉండరు. మీరు ఏ బండ్లలో ఇరుక్కుని తిరిగారో రాయండి, కూడబలుక్కునైనా అన్నీ చదువుతాను.

జాన్‌బీ నిన్న ఫోన్ చేసింది. నడుము పట్టేసిందట, నాకు అప్పట్నుంచీ ఒకటే గుబులు. చూడడానికి వస్తానంటే, "ఒంటిగ రాకు, నిండిన ఆటో చూసి ఎక్కు" అంది. సరేనన్నాను... పద్దెనిమిదో తారీఖు, ఆదివారం, చర్చి అయ్యాక.