నడిమి గడి

నా చిన్నప్పుడు ఒక వానాకాలంలో అత్వెల్లిలోని మా ఇంటి నుంచి ఆరు కోళ్లు, ఒక మేక, ఆఖరికి పాలిచ్చే బర్రె కూడా పోయాయి. నిన్న తూంకుంటలో ఎవరో గోడకు సున్నం వేస్తుంటే, ఆ తడి వాసనకు ఈ లెక్క గుర్తొచ్చింది.

బర్రెను వెతకడానికి నాయిన శామీర్‌పేట వైపు వెళ్లిన పొద్దున, అవ్వ కొట్టం తలుపు మీద సున్నంతో తొమ్మిది గడులు గీసింది. ఎటు కూడినా పదిహేను వచ్చేలా అంకెలు వేస్తే పోయింది తిరిగొస్తుందట. ఎనిమిది గడుల్లో అంకెలు వేసి, నడిమి గడి వదిలేసింది.

"అవ్వా, అండ్ల అయిదు రావాలె. నేన్ రాస్త!"

"ఆగవే! బర్రె వచ్చినంకనే రాయాలె. ముందుగాలనే కూలి ఇస్తె ఎవడన్న పని జేస్తడా?"

అంకెలే బర్రెను లాక్కొస్తాయని నమ్మి, ఒక్కచోట నిలవలేక తలుపుకూ రోడ్డుకూ మధ్య తిరుగుతూనే ఉన్నాను. మాపటికి నాయిన తెగిన పలుపుతాడు పట్టుకుని ఒక్కడే వచ్చాడు.

"ఇగ తుడిచేద్దామా అవ్వా?"

"ఉండనియ్యి బిడ్డా. అది నిండేదాంక ఎదురుసూడొచ్చు."

ఎదురుచూడడానికి మాకొక చోటు కావాలని అవ్వకు తెలుసేమో. ఇప్పుడు ఆ కొట్టం పోయి ప్లాట్లు వచ్చాయి. సున్నం వాసన తగిలితే నా చెయ్యి మాత్రం ఊరుకోదు. ఆ నడిమి గడికి అయిదు నేటికీ బాకీయే.